వేగం లేదు, ట్యాకిల్స్ లేవు, గోల్స్ తక్కువ... మరి పిర్లో అంత గొప్పవాడెలా అయ్యాడు?

మీరు అడిగింది క్లుప్తంగా ఇది: ఇటలీ ఫుట్‌బాల్ ఆటగాడు ఆండ్రియా పిర్లో పాత వీడియోలు చూశారు. వేగం కనిపించలేదు, పెద్దగా ట్యాకిల్స్ (కాలు అడ్డుపెట్టి బంతి లాక్కోవడం) లేవు, గోల్స్ కూడా అంతంతమాత్రమే. అయినా మిడ్‌ఫీల్డర్ల మాట రాగానే అందరూ అతని పేరే ఎందుకెత్తుతారు, అతని కెరీర్ ఎలా సాగింది, మిడ్‌ఫీల్డ్‌లో ఆడే మీ తమ్ముడికి చూపించడానికి ఏ మ్యాచ్‌లు మంచివి అని అడిగారు.

చాలా ఏళ్లుగా కుర్రాళ్లకు ఫుట్‌బాల్ నేర్పుతున్నాను. అందులోనూ మిడ్‌ఫీల్డ్‌లో ఆడేవాళ్లతోనే నాకు ఎక్కువ పని. ఈ ప్రశ్న మైదానంలో కూడా తరచూ వింటుంటాను. కాస్త పొడవుగానే రాస్తాను, ఓపిగ్గా చదవండి.

ముందు నా అభిప్రాయం చెప్పేస్తాను. పిర్లో జీవితాన్ని మలుపు తిప్పింది ఒక్క మార్పు. స్ట్రైకర్ల వెనకాల ఆడే కుర్రాణ్ణి తీసుకొచ్చి తన డిఫెండర్ల ముందు నిలబెట్టారు. అంతే. ఆ మార్పు జరగకపోతే ఇటలీలో ఆశలు రేపి కనుమరుగైన బోలెడుమంది పదో నంబరు కుర్రాళ్లలో అతనూ ఒకడయ్యేవాడని నా గట్టి నమ్మకం. అందుకే అతని కథలో కప్పుల కంటే ముందు అతను నిలబడిన చోటు గురించి మాట్లాడుకోవాలి.

పిర్లో పుట్టింది 1979 మే 19న, ఉత్తర ఇటలీలోని లొంబార్డీలో, బ్రేషా నగరాన్ని ఆనుకుని ఉన్న ఫ్లేరో అనే చిన్న ఊళ్లో. బ్రేషా క్లబ్ కుర్రాళ్ల జట్టులోనే ఆట నేర్చుకున్నాడు. 1995 మేలో, పదహారేళ్లు నిండిన రెండ్రోజులకే, రెజ్జానా మీద ఇటలీ అగ్రశ్రేణి లీగ్ సీరీ ఎ మ్యాచ్‌లో బరిలోకి దిగాడు. 1996-97లో బ్రేషా రెండో శ్రేణి లీగ్ సీరీ బి గెలిచి మళ్లీ పై డివిజన్‌కి వచ్చింది. 1998లో మిలాన్ నగరానికి చెందిన ఇంటర్ అతన్ని కొనుక్కుంది. చిన్నప్పటి నుంచి ఇంటర్ అభిమాని కాబట్టి ఇంతకంటే ఏం కావాలి అనుకుని ఉంటాడు.

కానీ అక్కడ కుదరలేదు. ఆ జట్టులో రొనాల్డో, రొబెర్టో బాజ్జో, జోర్కాయెఫ్ లాంటివాళ్లు ముందే ఉన్నారు. పైగా ఆ ఒక్క 1998-99 సీజన్‌లోనే ఇంటర్‌కి నలుగురు కోచ్‌లు మారారు. పంతొమ్మిదేళ్ల కుర్రాడి గురించి తీరిగ్గా ఆలోచించే స్థితిలో అక్కడ ఎవరూ లేరు. మరుసటి సీజన్‌కి లోన్ మీద, అంటే అరువుగా, దక్షిణాదిన ఉన్న రెజ్జీనాకి పంపారు. చరిత్రలో మొదటిసారి సీరీ ఎకి వచ్చిన జట్టు అది. అక్కడ బాగా ఆడాడు. 2000లో అండర్-21 యూరో ఫైనల్లో చెక్ రిపబ్లిక్‌ని ఇటలీ 2-1తో ఓడిస్తే ఆ రెండు గోల్సూ పిర్లోవే. అంటే ప్రతిభ ఉందా లేదా అన్నది ఎవరికీ సందేహం కాదు. ఇంటర్‌కి తిరిగొచ్చాక మాత్రం మళ్లీ బెంచీయే.

ఇక్కడ కాస్త ఆగుదాం. పదో నంబరు ఆటగాడు, అంటే ఇటలీవాళ్లు ట్రెక్వర్టిస్టా అనేవాడు, ప్రత్యర్థి డిఫెన్స్‌కీ మిడ్‌ఫీల్డ్‌కీ మధ్య ఇరుకులో నిలబడతాడు. బంతి అందుకునేటప్పుడు సాధారణంగా అతని వీపు గోల్ వైపు ఉంటుంది. వెనక నుంచి ఒకడు అంటుకునే ఉంటాడు. తిరగడానికి, తప్పించుకోవడానికి మొదటి రెండు మూడు అడుగుల్లో పేలుడు లాంటి వేగం కావాలి. పిర్లోకి లేనిది సరిగ్గా అదే. అతనికి ఉన్నది మైదానం మొత్తాన్ని ఒక్క చూపులో పట్టుకునే శక్తి, నలభై గజాల దూరంలో ఉన్నవాడి కాలి దగ్గర బంతి పెట్టగల కుడికాలు. వీపు గోల్ వైపు తిప్పుకుని నిలబడ్డవాడికి ఆ రెండూ దేనికీ పనికిరావు. ఆట అంతా ముఖానికి ఎదురుగా కనిపించే చోటు అతనికి కావాలి.

ఆ చోటు చూపించినవాడు కార్లో మజ్జోనే. 2001 జనవరిలో ఇంటర్ పిర్లోని లోన్ మీద సొంత క్లబ్ బ్రేషాకే పంపింది. అప్పటికి బ్రేషా కోచ్ మజ్జోనే. అక్కడ పదో నంబరు ఎవరిదో తెలుసా? రొబెర్టో బాజ్జోది. బాజ్జోని పక్కకి జరపమని ఎవరడుగుతారు? అలాగని పిర్లోని బెంచీ మీద కూర్చోబెట్టడానికి మజ్జోనేకి మనసొప్పలేదు. కాబట్టి అతన్ని డిఫెండర్ల ముందుకు, మిడ్‌ఫీల్డ్ అడుగుకి దించాడు. అవసరం కొద్దీ చేసిన పని అది. ఫలితం చూడాలంటే 2001 ఏప్రిల్ 1న టురిన్‌లో యువెంటస్‌తో జరిగిన మ్యాచ్ చూడండి. బ్రేషా 1-0తో వెనకబడి ఉంది. ఆట ముగియడానికి కొద్ది నిమిషాలే ఉంది. మైదానం మధ్య నుంచి పిర్లో తలెత్తి, యువెంటస్ డిఫెండర్ల తలల మీదుగా పొడవాటి బంతి ఎత్తాడు. పరుగెడుతూ వచ్చిన బాజ్జో భుజం మీదుగా దిగుతున్న ఆ బంతిని కుడికాలితో ఒక్కసారి తాకాడు. అదే తాకుడులో గోల్‌కీపర్ వాన్ డెర్ సార్‌ని దాటేశాడు, ఖాళీ గోల్‌లోకి నెట్టాడు. అందరూ బాజ్జో తాకుడు గురించే చెబుతారు, చెప్పాలి కూడా. కానీ మీ తమ్ముణ్ణి ఆ వీడియోలో పాస్ ఇచ్చే క్షణం దగ్గర ఆపి చూడమనండి. బాజ్జో ఇంకా పరుగు అందుకుంటూనే ఉన్నాడు, బంతి అప్పటికే గాల్లో ఉంది. ఆ డ్రా వల్ల యువెంటస్ రెండు పాయింట్లు పోగొట్టుకుంది. ఆ ఏడాది రోమా టైటిల్ గెలిచింది యువెంటస్ కంటే సరిగ్గా రెండు పాయింట్లు ఎక్కువతో.

అదే ఏడాది వేసవిలో ఇంటర్ అతన్ని పక్కింటి శత్రువు ఏసీ మిలాన్‌కి అమ్మేసింది. ఇటలీ ఫుట్‌బాల్‌లో ఇంతకంటే పెద్ద పొరపాటు అమ్మకాలు తక్కువే. ఇంకో సంగతి: పిర్లో ఖాళీ చేసిన ఆ బ్రేషా స్థానంలోకి కొన్ని నెలలకి మజ్జోనే తెచ్చుకున్నది బార్సెలోనా వదిలి వచ్చిన పెప్ గార్డియోలాని. అదే కోచ్, అదే చోటు, ఒకే ఏడాదిలో ఇద్దరు. మజ్జోనేకి ఆ స్థానం విలువ ఎంత బాగా తెలుసో దీన్నిబట్టే అర్థమవుతుంది.

మిలాన్‌లో మొదటి నెలలు మళ్లీ తడబాటే. 2001 నవంబర్‌లో కార్లో అంచెలొట్టి కోచ్‌గా వచ్చాడు. ఆటగాడిగా అతను కూడా మిడ్‌ఫీల్డరే. డిఫెన్స్ ముందు ఆడతానని పిర్లో అడిగాడు, అంచెలొట్టికి మొదట అనుమానాలున్నా ప్రయత్నించి చూశాడు. ఆ ప్రయత్నం నుంచే ఆ దశాబ్దపు మిలాన్ పుట్టింది. రూయీ కోస్టా, సీడోర్ఫ్, తర్వాత 2003లో వచ్చిన కకా... ఇంతమంది సృజన ఉన్నవాళ్లని ఒకే జట్టులో ఇరికించగలగడానికి కారణం, వాళ్లందరి వెనకాల పిర్లో ఉండటం.

అయితే ఒక మాట మరిచిపోకూడదు. పిర్లో పక్కన జెన్నారో గట్టూజో ఉండేవాడు. బంతి లాక్కోవడం, ఎదుటివాడి మీద పడటం, పిర్లో వదిలిన ఖాళీల్లోకి పరుగెత్తడం అతని పని. లాక్కున్న బంతిని మూడడుగుల దూరంలో ఉన్న పిర్లోకి ఇచ్చేవాడు. మీరు "ట్యాకిల్స్ కనపడలేదు" అన్నారే, ఆ పని చేసేవాడు పక్కనే ఉన్నాడు. పిర్లోకి అడ్డొచ్చి బంతి లాక్కోవడం రాదనుకోకండి. ఎదుటివాడి పాస్ దారి పసిగట్టి ముందే అక్కడ నిలబడటం అతనికి బాగా తెలుసు. హైలైట్స్ వీడియోల్లో అది రాదు, ఎందుకంటే అక్కడ చూడటానికి ఏమీ జరగదు. కానీ అతని పక్కన బలంగా పరుగెత్తేవాళ్లు లేకపోతే ఆ ఏర్పాటు నిలబడదన్నది నిజం. మిలాన్‌లో గట్టూజో, అంబ్రోజీని. యువెంటస్‌లో విదాల్, మార్కీజియో, పోగ్బా. ఏ కాలంలో చూసినా ఇదే పద్ధతి.

మిలాన్‌తో అతను గెలిచినవి: 2003లో మాంచెస్టర్‌లో యువెంటస్ మీద పెనాల్టీల్లో ఛాంపియన్స్ లీగ్ (యూరప్ క్లబ్‌ల పెద్ద కప్పు), 2003-04 సీరీ ఎ, 2007లో ఏథెన్స్‌లో లివర్‌పూల్ మీద మరో ఛాంపియన్స్ లీగ్, 2010-11లో మరో సీరీ ఎ. ఏథెన్స్ ఫైనల్లో మొదటి గోల్ పిర్లో కొట్టిన ఫ్రీకిక్ ఇన్జాగికి తగిలి దారి మళ్లి లోపలికి వెళ్లిందే.

ఈ రెండు ఛాంపియన్స్ లీగ్‌ల మధ్యలో ఇస్తాంబుల్ ఉంది. 2005 మే 25. మొదటి నిమిషంలోనే పిర్లో ఫ్రీకిక్‌కి మాల్దీని గోల్ కొట్టాడు. సగం ఆటకి మిలాన్ 3-0. ఆ తర్వాత లివర్‌పూల్ ఆరు నిమిషాల్లో మూడు కొట్టి సమం చేసింది. గెలుపు తేల్చే పెనాల్టీల షూటౌట్‌లో మిలాన్ తరఫున రెండోది పిర్లోది. గీత మీద అటూ ఇటూ చేతులూపుతూ గంతులేస్తున్న లివర్‌పూల్ గోల్‌కీపర్ డూడెక్ దాన్ని ఆపేశాడు. మిలాన్ ఓడిపోయింది. ఆ ఓటమి తర్వాత ఆట మానేద్దామా అన్నంత వరకూ వెళ్లానని పిర్లో తన ఆత్మకథలో చెప్పుకున్నాడు. ఈ సంగతి గుర్తుపెట్టుకోండి, ఏడేళ్ల తర్వాత కీవ్‌లో ఏం చేశాడో చెప్పేటప్పుడు ఇది అవసరం.

ఇక 2006 ప్రపంచకప్. నా లెక్కలో పిర్లో అంటే ఏమిటో ఆ నెలలోనే మొత్తం కనిపిస్తుంది. కోచ్ మార్చెల్లో లిప్పి. మొదటి మ్యాచ్ హానోవర్‌లో ఘనాతో. పెనాల్టీ బాక్స్ బయటి నుంచి కాళ్ల అడవిలోంచి కొట్టిన పిర్లో షాట్‌తోనే ఇటలీ ఖాతా తెరిచింది. సెమీఫైనల్ డోర్ట్‌మండ్‌లో ఆతిథ్య జర్మనీతో, జూలై 4న. మనకి అర్ధరాత్రి దాటాక మొదలైంది. 0-0తో అదనపు సమయం కూడా అయిపోతోంది. 119వ నిమిషంలో ఇటలీకి కార్నర్. జర్మనీ డిఫెండర్లు తలతో బయటికి కొట్టిన బంతి బాక్స్ అంచున పిర్లో దగ్గర పడింది.

ఇప్పుడు జరిగింది నెమ్మదిగా చూడండి. అక్కడ ఎవరైనా గోల్ వైపు కొట్టేస్తారు, ఎందుకంటే మిగిలింది ఒక్క నిమిషం. పిర్లో కొట్టలేదు. బంతిని కుడివైపుకి అడ్డంగా నడిపించాడు. అతను కొడతాడేమోనని జర్మన్లు ఒక్కొక్కరుగా అతని మీదికి జరిగారు. వాళ్లు జరిగినకొద్దీ వాళ్ల వెనకాల కుడిపక్కన ఫాబియో గ్రోసో ఒంటరివాడయ్యాడు. పిర్లో గ్రోసో వైపు తల తిప్పనే లేదు. చూపు ముందుకే ఉంచి, ఇద్దరి మధ్య సందులోంచి బంతి జారవిడిచాడు. గ్రోసో ఆపకుండా ఎడమకాలితో దూరపు మూలకి తిప్పి కొట్టాడు. జర్మనీ కీపర్ లేమాన్ ఎగిరినా అందలేదు. మరో నిమిషానికే డెల్ పియెరో రెండోది కొట్టాడు.

మా కుర్రాళ్లకి ఈ పాస్ చూపించిన ప్రతిసారీ ఒకటే అడుగుతాను: గ్రోసో అక్కడున్నాడని పిర్లోకి ఎప్పుడు తెలిసింది? బంతి తన దగ్గరికి వచ్చాక వెతుక్కుని ఉంటే అంత తాపీగా అడ్డంగా నడిపించేవాడు కాదు. బంతి గాల్లో ఉండగానే ఎవరెక్కడున్నారో ఒకసారి చూసి పెట్టుకున్నాడు. పిర్లో ఆట అంతా ఇదే. బంతి రాకముందు భుజం మీదుగా ఒకటి రెండు చూపులు, బంతి రాగానే పాదం కొంచెం తెరిచి తనకి కావలసిన వైపు మొదటి తాకుడు, ఆ తాకుడుతోనే మీదికి వస్తున్నవాడు తప్పుదారి పడతాడు. వేగం అవసరం రాకుండా చూసుకోవడమే అతని వేగం.

బెర్లిన్ ఫైనల్లో ఫ్రాన్స్ మీద జిదాన్ పెనాల్టీకి బదులుగా వచ్చిన మటెరాజ్జి హెడర్ కూడా పిర్లో కార్నర్ నుంచే. షూటౌట్‌లో ఇటలీ తరఫున మొదట వచ్చినవాడు పిర్లో. ఇస్తాంబుల్ జరిగి ఏడాది దాటిందంతే. ఫ్రాన్స్ కీపర్ బార్తెజ్ ఎదురుగా నిలబడి మధ్యలోకి గట్టిగా కొట్టాడు. ఇటలీ 5-3తో గెలిచింది. ఫైనల్లో ఉత్తమ ఆటగాడు అతనే. టోర్నీ మొత్తానికి జిదాన్, కన్నవారో తర్వాత మూడో స్థానంలో కాంస్య బంతి అందుకున్నాడు. ఆ రాత్రిని జిదాన్ మటెరాజ్జిని తలతో కుమ్మిన ఘటన మింగేసింది. అది నాకు ఇప్పటికీ బాధే. (ఆ జట్టులోని మటెరాజ్జి తర్వాత చెన్నయిన్ ఎఫ్‌సీకి కోచ్‌గా, డెల్ పియెరో ఢిల్లీ డైనమోస్‌కి ఆడటానికి మన దేశం వచ్చారు. 2015లో మటెరాజ్జి చెన్నయిన్‌కి ఐఎస్ఎల్ (ఇండియన్ సూపర్ లీగ్) టైటిల్ కూడా తెచ్చాడు.)

అతన్ని ఎవరూ ఆపలేకపోయారని మాత్రం అనుకోవద్దు. 2010 మార్చిలో ఛాంపియన్స్ లీగ్‌లో మిలాన్, మాంచెస్టర్ యునైటెడ్ తలపడ్డాయి. అలెక్స్ ఫెర్గూసన్ తన కొరియా ఆటగాడు పార్క్ జీ-సంగ్‌కి ఒక్కటే పని అప్పజెప్పాడు: పిర్లో ఎక్కడికెళితే అక్కడికి వెళ్లు. పార్క్ అలిసిపోవడం తెలియని మనిషి. పిర్లో బంతి అందుకుని తలెత్తేలోపు అతను మీద ఉండేవాడు. ఓల్డ్ ట్రాఫర్డ్‌లో మిలాన్ 4-0తో చిత్తయింది. తనని ఇంతగా కట్టిపడేసినవాడు పార్క్ అని పిర్లో కూడా ఒప్పుకున్నాడు. పిర్లోకి కావలసింది ఒక్క క్షణం ఖాళీ. అది లాగేసుకుంటే అతను కూడా మామూలు ఆటగాడే. ఆ క్షణాన్ని అతనికి కల్పించే జట్టు కావాలి. ఈ బలహీనత చెప్పకుండా పిర్లో గొప్పతనం చెబితే అది సగం మాటే అవుతుంది.

2010-11లో గాయాలు వెంటాడాయి. కొత్త కోచ్ మస్సిమిలియానో అల్లెగ్రి డిఫెన్స్ ముందు వాన్ బొమ్మెల్ లాంటి బలమైన ఆటగాణ్ణి పెట్టాడు. మిలాన్ టైటిల్ గెలిచింది కానీ పిర్లో పాత్ర చిన్నది. ముప్ఫై దాటినవాళ్లకి ఒక్క ఏడాది కాంట్రాక్టే ఇవ్వాలన్నది క్లబ్ పద్ధతి. అతను ఒప్పుకోలేదు. పదేళ్లు ఆడిన క్లబ్ నుంచి వెళుతుంటే వీడ్కోలు కానుకగా ఒక పెన్ను ఇచ్చారట, అదీ తనే రాసుకున్నాడు.

పైసా ట్రాన్స్‌ఫర్ ఫీజు లేకుండా యువెంటస్ అతన్ని తీసుకుంది. వయసు ముప్ఫై రెండు. యువెంటస్ అంతకుముందు వరుసగా రెండు సీజన్లు ఏడో స్థానంలో ముగించిన జట్టు. కోచ్ ఆంతోనియో కోంటే కొత్తవాడు, స్టేడియం కూడా కొత్తదే. ఆ స్టేడియంలో మొదటి లీగ్ మ్యాచ్, 2011 సెప్టెంబర్ 11న పార్మాతో. డిఫెన్స్ వెనకాలకి పిర్లో ఎత్తి వేసిన బంతికి లిక్‌స్టైనర్ గోల్ కొట్టాడు. ఆ సీజన్ మొత్తం 38 లీగ్ మ్యాచ్‌ల్లో యువెంటస్ ఒక్కటీ ఓడిపోలేదు: 23 గెలుపులు, 15 డ్రాలు. టైటిల్ వాళ్లదే. టైటిల్ పోగొట్టుకుని రెండో స్థానంలో నిలిచింది మిలాన్. పిర్లో ఆడిన నాలుగు సీజన్లలో నాలుగు సీరీ ఎ టైటిళ్లు. 2013-14లో 102 పాయింట్లు. 2012, 2013, 2014, మూడేళ్లూ సీరీ ఎ ఉత్తమ ఆటగాడు అతనే.

వయసు మళ్లినవాణ్ణి కోంటే ఎలా వాడుకున్నాడన్నది కోచింగ్ మీద ఆసక్తి ఉన్నవాళ్లు చూడాల్సిన విషయం. వెనకాల బర్జాల్యీ, బొనుచ్చి, కియెల్లీని ముగ్గురు. పక్కన విదాల్, మార్కీజియో, ఇద్దరూ అలుపెరగకుండా పరుగెత్తేవాళ్లు. ప్రత్యర్థి పార్క్ పద్ధతిలో పిర్లో మీద ఒకణ్ణి కాపలా పెడితే వెనక నుంచి బొనుచ్చి పొడవాటి పాస్‌లు మొదలుపెట్టేవాడు. బొనుచ్చిని ఆపడానికి వెళితే పిర్లో ఖాళీ. 2010లో దొరికిన లోపానికి 2012 నాటికి ఇలా జవాబు తయారైంది. అల్లెగ్రి 2014లో యువెంటస్‌కి కోచ్‌గా వచ్చినప్పుడు మిలాన్ కథే మళ్లీ జరుగుతుందని చాలామంది అనుకున్నారు. జరగలేదు. ఆ ఏడాది నవంబర్‌లో అదే నగరానికి చెందిన టొరీనోతో మ్యాచ్‌లో ఆఖరి క్షణాల్లో బాక్స్ బయటి నుంచి నేలబారుగా కొట్టి 2-1తో గెలిపించింది పిర్లోయే. 2015 జూన్‌లో బెర్లిన్‌లో బార్సెలోనా చేతిలో ఛాంపియన్స్ లీగ్ ఫైనల్ 3-1తో ఓడిపోయాక మైదానంలోనే ఏడ్చాడు. ఏ భావమూ కనపడని మనిషి అని పేరుపడ్డవాడు.

ఇప్పుడు కీవ్. 2012 యూరో క్వార్టర్‌ఫైనల్, ఇంగ్లండ్‌తో. రెండు గంటల ఆటంతా ఇటలీదే, గోల్ మాత్రం పడలేదు. షూటౌట్‌లో మొంతోలీవో బయటికి కొట్టాడు, రూనీ కొట్టింది లోపలికెళ్లింది. ఇటలీ 2-1తో వెనక. ఇంగ్లండ్ గోల్‌కీపర్ జో హార్ట్ గీత మీద మొహం వంకర్లు తిప్పుతూ, కేకలు పెడుతూ కొట్టేవాళ్లని బెదరగొడుతున్నాడు. పిర్లో మామూలుగా పరుగెత్తుకొచ్చి, ఆఖరి క్షణంలో బంతి కింద పాదం పెట్టి గోల్ మధ్యలోకి మెల్లగా ఎగరేశాడు. హార్ట్ అప్పటికే పక్కకి దూకేశాడు. దీన్ని పనెంకా అంటారు. 1976 యూరో ఫైనల్లో చెకొస్లొవేకియా ఆటగాడు పనెంకా ఇలా కొట్టి కప్పు గెలిపించాడు కాబట్టి ఆ పేరు.

ఇది ఆడంబరం కోసం చేసిన పని అనేవాళ్లున్నారు. నేను ఒప్పుకోను. ఇస్తాంబుల్‌లో గంతులేసే కీపర్ చేతిలో పెనాల్టీ పోగొట్టుకున్నవాడు, కీపర్ ముందే కదులుతున్నాడని గమనించి, అతని కదలికనే అతని మీదికి తిప్పాడు. హార్ట్ తొందర చూసి ఆ క్షణంలోనే నిర్ణయించుకున్నానని, ఒత్తిడి ఇంగ్లండ్ మీదికి నెట్టాలనుకున్నానని పిర్లో చెప్పాడు. ఆ వెంటనే యాష్లీ యంగ్ కొట్టింది బార్‌కి తగిలింది, యాష్లీ కోల్‌ది ఇటలీ కీపర్ బుఫ్ఫోన్ ఆపాడు, ఇటలీ 4-2తో గెలిచింది. సెమీస్‌లో జర్మనీ మీద గెలిచి, ఫైనల్లో స్పెయిన్ చేతిలో 4-0తో ఓడిపోయింది. మొత్తం మీద ఇటలీకి 116 మ్యాచ్‌లు ఆడాడు, 13 గోల్స్.

ఫ్రీకిక్‌ల గురించి మీరు అడగలేదు కానీ చెప్పకుండా ఉండలేను. ఫ్రాన్స్ క్లబ్ లియోన్‌కి ఆడిన బ్రెజిల్ ఆటగాడు జునీన్యో కొట్టే ఫ్రీకిక్‌లు గాల్లో తడబడుతూ వెళ్లి ఒక్కసారిగా కిందికి పడేవి. పిర్లో ఆ వీడియోలు, ఫొటోలు ముందేసుకుని కూర్చుని, మిలాన్ శిక్షణ కేంద్రంలో అదేపనిగా ప్రయత్నించాడు. చాలాకాలం కుదరలేదు. చివరికి పట్టుకున్న కిటుకు ఏమిటంటే, బంతిని పాదం పక్కతో చుట్టకుండా, ముందువైపు మూడు వేళ్లతో కింది భాగంలో నిటారుగా కొట్టాలి. బంతికి తిరుగుడు దాదాపు ఉండదు. తిరగని బంతి గాలికి ఎటు జరుగుతుందో కీపర్‌కి అంతుపట్టదు. సీరీ ఎలో నేరుగా ఫ్రీకిక్ నుంచి 26 గోల్స్ కొట్టాడు. ఈ లెక్కలో అతనికంటే ముందున్నది 28తో మిహాయిలోవిచ్. ఇటలీకి తన వందో మ్యాచ్‌లో, 2013లో రియోలోని మరకానాలో మెక్సికో మీద కొట్టిన ఫ్రీకిక్ వెతికి చూడండి. "గోల్స్ తక్కువ" అన్న మీ మాటకి నా జవాబు ఇది: డిఫెన్స్ ముందు నిలబడేవాడి నుంచి ఇవి ఎక్కువే.

మిగతాది త్వరగా చెబుతాను. 2015లో అమెరికా క్లబ్ న్యూయార్క్ సిటీకి వెళ్లాడు, లాంపార్డ్, డేవిడ్ విల్లాతో కలిసి ఆడాడు. అక్కడి ఆట వేగానికి, పరుగుకి అతని కాళ్లు సరిపోలేదు. 2017 నవంబర్‌లో ఆట మానేశాడు. 2020 ఆగస్టులో, సీనియర్ జట్టుకి ఒక్క మ్యాచ్ కూడా కోచింగ్ చేయకుండానే, వరుసగా తొమ్మిది టైటిళ్లు గెలిచి ఉన్న యువెంటస్ అతన్ని హెడ్ కోచ్‌ని చేసింది. సూపర్‌కోప్పా, కోప్పా ఇటాలియా అనే రెండు దేశవాళీ కప్పులు గెలిచాడు, లీగ్‌లో నాలుగో స్థానం. ఏడాదికే తీసేశారు. ఆ ఏడాది టైటిల్ గెలిచింది ఇంటర్, దాని కోచ్ కోంటే. తర్వాత టర్కీలో కరగుమ్రుక్, సీరీ బిలో సంప్డోరియా. కోచ్‌గా ఇంతవరకూ పెద్దగా రాణించలేదు. తనకి సహజంగా కనిపించేది ఇంకొకరికి కనిపించేలా చేయడం వేరే విద్య, ఆ విద్య నేర్చుకోవడానికి యువెంటస్ అతనికి సమయం ఇవ్వలేదని నా అభిప్రాయం.

మీ తమ్ముడి విషయానికొస్తే, హైలైట్స్ చూపించకండి. వాటిలో పొడవాటి పాస్‌లు మాత్రమే ఉంటాయి, వాటిని చూసి కుర్రాళ్లు ప్రతి బంతినీ నలభై గజాలు కొట్టడం మొదలుపెడతారు. పూర్తి మ్యాచ్‌లు రెండు చాలు. ఒకటి 2006 జర్మనీ సెమీఫైనల్, రెండోది 2012 ఇంగ్లండ్ క్వార్టర్‌ఫైనల్. మొదటిసారి ఆట మామూలుగా చూడమనండి. రెండోసారి బంతిని వదిలేసి పిర్లోనే చూడమనండి: బంతి వేరేవాళ్ల దగ్గరున్నప్పుడు అతను ఎన్నిసార్లు తల తిప్పుతున్నాడు, తనని కాసేవాడి నుంచి రెండడుగులు ఎటు జరుగుతున్నాడు, బంతి ఏ కాలికి తీసుకుంటున్నాడు. తిరిగిచ్చే చిన్న చిన్న పాస్‌లు ఎన్ని ఉన్నాయో కూడా గమనించమనండి. పెద్ద పాస్‌కి ముందు ప్రత్యర్థిని దగ్గరికి రప్పించేవి అవే.

ఆ తర్వాత ఓల్డ్ ట్రాఫర్డ్ 4-0 మ్యాచ్ కూడా చూపించండి. పిర్లోని ఆపడం ఎలాగో తెలిస్తే, తనని అలా ఆపుతున్నప్పుడు ఏం చేయాలో మీ తమ్ముడు ఆలోచించడం మొదలుపెడతాడు. ఇంకా ఏమైనా అనుమానాలుంటే, అతను ఏ వయసు, ఏ స్థానంలో ఆడుతున్నాడో చెప్పి అడగండి, ప్రాక్టీసులో చేయించాల్సినవి విడిగా రాస్తాను.